జీపు తాగిన చెంబెడు నీళ్ళు

ఈ మధ్య బజారులో అమ్మే కూజాలకు చెమట పట్టడం లేదు. పోయిన వేసవిలో ఒకటి కొన్నాను, ఈ వేసవిలో ఇంకొకటి. రెండూ దర్జాగా, పొడిగా, మెడ నిక్కించుకుని మూలన కూర్చున్నాయి. లోపలి నీళ్ళు మాత్రం మధ్యాహ్నానికి చారు కాచుకోవడానికి అనువుగా తయారయ్యేవి. కూజా ఒంటినిండా చెమ్మ ఊరాలి, కింద పోసిన ఇసుక తడవాలి. అప్పుడు గానీ నీళ్ళు చల్లబడవు. అమ్మినవాడి దగ్గరికి పోయి ఈ మాట చెప్పాను.

"కారని కూజా కావల్లంటారు, సల్లగయ్యే కూజా కావల్లంటారు. రెండూ ఒకటే మట్టిలో యాడ దొరుకుతాయి సామీ?" అన్నాడు.

వాదించలేదు. నా జన్మలో నేను చూసిన మంచి కూజా ఒక జీపులో ఉండేది. చెక్క చట్రంలో కూర్చోబెట్టి, తడిగుడ్డ చుట్టి, ముందు సీటు పక్కన పెట్టేవారు. ఆ జీపు ఎక్కినందుకు నాకు చల్లటి నీళ్ళు దొరికాయి. జిల్లాలో సగం మందితో మాటలు పోయాయి.

కర్నూలు రాజధానిగా ఉన్న రోజులవి. ఆఫీసులు గుడారాల్లో నడిచేవి. గాలి గట్టిగా వీస్తే ఫైళ్ళతో పాటు ప్రభుత్వం కూడా కాస్త కదిలేది. నేను బి.ఏ. పాసై, ఆ సంగతి ఎవరికీ పట్టక, మద్రాసు నుంచి వచ్చే ఒక తెలుగు దినపత్రికకు విలేఖరిగా కుదురుకున్నాను. రాజధాని వచ్చింది కదా, ఇక నా దశ తిరిగిందనుకున్నాను. మంత్రుల వార్తలు రాయడానికి పత్రిక మద్రాసు నుంచే ఒక పెద్దమనిషిని పంపింది. నాకు మిగిలినవి పాముకాట్లు, తేరు ఉత్సవాలు, వాన పడలేదన్న వార్త. ఈ మూడోది రాయడం తేలిక. నిరుడు రాసినదే మళ్ళీ పంపితే సరిపోయేది.

ఇంతలో ప్రభుత్వం పడిపోయింది. గాలికి కాదు, ఓట్లకు. మళ్ళీ ఎన్నికలు వచ్చాయి. పెద్దమనిషి ఊళ్ళోని సభలు తను ఉంచుకుని పడమటి పల్లెలు నాకు వదిలేశాడు.

పడమటి పల్లెలకు బస్సుల్లేవు. ఆదోని, కోసిగి దాకా రైలు. అక్కడ దిగితే కాళ్ళు. ఒక్క రోజులో ఐదారు పల్లెలు చూడాలంటే విలేఖరి అభ్యర్థి జీపే ఎక్కాలి. అభ్యర్థికి మా మీద ప్రేమ ఉండేది కాదు, మాకు ఆయన మీద ఉండేది కాదు. అయినా ఎవరూ రాయని ఒప్పందం ఒకటి నడిచేది. ఆయన సీటు ఇస్తాడు, మధ్యాహ్నం అన్నం పెడతాడు. మేము విశేషణాలు ఇస్తాం. వందమంది వస్తే 'పెద్ద సంఖ్యలో' వచ్చారు. రెండు వందలు దాటితే 'వేలాదిగా' తరలివచ్చారు. ఎవరూ రాకపోతే 'గ్రామ పెద్దలతో సమాలోచనలు జరిపారు.' ఇందులో అబద్ధం ఉందని నాకెప్పుడూ అనిపించలేదు. అనిపించే వయసు కాదది.

నేనెక్కిన జీపు అభ్యర్థిది భూములున్న కుటుంబం. మద్రాసులో లా చదివి, కోర్టు మొహం నాలుగు రోజులు చూసి, ఖద్దరు కట్టాడు. జిల్లాలో అందరూ ఆయన్ని అన్నా అనేవారు; ఆయన కంటే పదేళ్ళు పెద్దవాళ్ళు కూడా. పత్రికలవాళ్ళంటే ఆయనకు సరిపడదు. పొద్దున్నే పేపరును ఎర్ర పెన్సిలుతో చదివేవాడు. మొదటిరోజు నేను జీపు ఎక్కుతుంటే కిందికీ పైకీ చూశాడు.

"ఏమప్పా, బీయే సదివి ఈ పని చేస్తాండావా? మీ నాయనకు తెలుసునా?"

"తెలుసన్నా. బయట మాత్రం నాకింకా పని దొరకలేదనే చెప్పుకుంటాండాడు."

ఆయన నవ్వలేదు. జీపు నడుపుతున్న ఆయన బామ్మర్ది నవ్వాడు. అందుకు బావ వైపు నుంచి ఒక చూపు తిన్నాడు. ఈ బామ్మర్దిది కడప పక్క, కాలవ కింద ఊరు. పుట్టినప్పటి నుంచి ఇంటిముందు నీళ్ళు పారుతుంటే చూసినవాడు. మనిషి చెడ్డవాడు కాడు. నీళ్ళు ఒక వస్తువని అతనికి తెలియదు, అంతే. మనకు గాలి ఎట్లాగో అతనికి నీళ్ళు అట్లాగ.

జీపు యుద్ధంలో పనిచేసి వచ్చింది. దాని ఒంట్లో బాగున్న భాగం హారను. రెండు మైళ్ళకోసారి రేడియేటరు ఉడికి, మూత దగ్గర బుసకొట్టేది. అందుకని వెనక ఒక డబ్బాతో నీళ్ళు పెట్టుకునేవాళ్ళు. ఆ రోజు డబ్బా మూడో ఊరికే ఖాళీ అయింది.

కోసిగి పక్క ఒక చిన్న ఊరికి చేరేసరికి మధ్యాహ్నమైంది. ఊరి పేరు రాయను. ఆ ఊరికి ఇప్పటికే నా వల్ల జరిగింది చాలు. సగం ఇళ్ళకు తలుపుల మీద కంపలు వేసి ఉన్నాయి. ఆ ఇంటివాళ్ళు కూలికి దేశం పోయారు. మిగిలినవాళ్ళు ఓ అరవైమంది వేపచెట్టు కింద కూర్చుని ఉన్నారు. వాళ్ళలోంచి ఒక అవ్వ లేచి, ఇత్తడి చెంబు నిండా నీళ్ళు తెచ్చి అభ్యర్థి చేతికిచ్చింది. మా పక్క వచ్చినవాడి కులగోత్రాలు అడిగేకంటే ముందే నీళ్ళిస్తారు. వచ్చినవాడు ఒక్క గుక్కైనా తాగాలి. తాగకపోతే మాట్లాడటానికి రాలేదని అర్థం.

నీళ్ళు కాస్త ఎర్రగా ఉన్నాయి. రెండు మైళ్ళ అవతల వంకలో ఇసుక తోడి, ఊరిన నీళ్ళను గుడ్డలో వడగట్టి, కడవతో నెత్తిన మోసుకొస్తారట. అభ్యర్థి చెంబు పట్టుకుని దాని లోపలికి చూస్తూ నిలబడ్డాడు. తాగేవాడో లేదో నాకు తెలియదు. న్యాయంగా ఆ అనుమానం ఆయనకే వదిలేయాలి. ఎందుకంటే అంతలో బామ్మర్ది, "తే బావా, ఇంజను మండుతాంది" అంటూ చెంబు లాక్కుని, మూత తీసి, నీళ్ళన్నీ రేడియేటరులో పోసేశాడు.

జీపు గుటగుటా తాగింది. అరవైమందీ చూశారు. అవ్వ ఖాళీ చెంబు తీసుకుని, కొంగుతో తుడిచి, పోయి తన చోట కూర్చుంది. అభ్యర్థి గొంతు సవరించుకుని, కూజాలోంచి ఒక గ్లాసు నీళ్ళు తాగి, నాకొక గ్లాసు ఇచ్చి, ఉపన్యాసం మొదలుపెట్టాడు. గెలిచిన ఆరు నెలల్లో ఈ ఊరికి బావి తవ్విస్తానన్నాడు. రాళ్ళు పడినా తవ్విస్తానన్నాడు. జనం ముఖాల్లో ఆ పూట మొదటిసారి కదలిక కనిపించింది. వాళ్ళకు స్వరాజ్యం, రాజధాని, ప్రణాళిక ఏవీ పట్టలేదు. బావి పట్టింది.

నా వార్తలో ఇదంతా రాశాను. 'వేలాదిగా' అన్నది కూడా రాశాను. చివర రెండు వాక్యాలు మాత్రం చేతిలోంచి జారాయి: 'గ్రామస్థులు అభ్యర్థి గారికి తాగడానికి చెంబెడు నీళ్ళిచ్చారు. వాటిని జీపు తాగింది.' మద్రాసులో ఎవరో ఉపసంపాదకుడికి ఆ రోజు పని తక్కువై ఉండాలి. నేను రాసిన రెండు పేజీల్లో 'వేలాదిగా' అన్న వరస ఒక్కటి మిగిల్చి మిగతాదంతా కొట్టేసి, ఆ రెండు వాక్యాలకు చుట్టూ గీత గీసి మొదటి పేజీలో వేశాడు.

పేపరు వచ్చిన సాయంత్రం నుంచే ఎదుటి పార్టీవాళ్ళు సభల్లో దాన్ని చదవడం మొదలుపెట్టారు. వాళ్ళ అభ్యర్థి ఇంకొక అడుగు ముందుకేసి, ప్రతి ఊళ్ళోనూ అందరిముందూ ఆ ఊరి నీళ్ళు చెంబెడు తాగి చూపించాడు. నాలుగు ఊళ్ళు అయ్యేసరికి విరేచనాలు పట్టుకుని ఆదోని ఆసుపత్రిలో పడ్డాడు. ప్రచారంలో వారం పోయింది. దానికీ కారణం నేనేనని ఆ పార్టీవాళ్ళు తీర్మానించారు. ఆ విధంగా ఒక్క వార్తతో ఇద్దరికీ శత్రువునయ్యాను. విలేఖరి నిష్పక్షపాతంగా ఉండాలని మా సంపాదకులు చెప్పేవారు. ఇంతకంటే ఎవరూ ఉండలేరు.

మూడోరోజు పొద్దున అభ్యర్థి ఇంటికి రమ్మని మనిషి వచ్చాడు. వరండాలో ఆయన, ఎర్ర గీతలు పడిన పేపరు, పక్కన స్తంభానికి ఆనుకుని బామ్మర్ది. కూర్చోమనలేదు.

"ఎవురి జీపులో పోతివి?"

"మీ జీపులోనే అన్నా."

"ఎవురి అన్నం తింటివి?"

"మీదే."

"నీళ్ళు?"

"మీ కూజాలోవే."

"మల్ల ఇది రాసేదానికి నీకు చెయ్యెట్ల వచ్చె?"

"జరిగిందే గదన్నా రాసింది."

"జరిగిందంట!" అని పేపరు నేలకు కొట్టాడు. "శానా జరుగుతాయి. జరిగినవన్నీ రాస్తాండావా? ఆడ అరవైమంది ఉండిరి. వేలమందని ఎట్ల రాస్తివి? అప్పుడు సత్యం యాడికి పోయిండె? మాకు పనికొచ్చేకాడ కండ్లు మూసుకుంటావు, మమ్మల్ని కుమ్మేకాడ తెరుస్తావు. ఇదేనా మీ పేపరోళ్ళ బతుకు?"

ఇది నన్ను ఎవరూ అడగని ప్రశ్న. బామ్మర్ది ఆదుకున్నాడు.

"చెంబెడు నీళ్ళకు ఇంత రచ్చా బావా? మా ఊర్లో అయితే అట్లాంటి నీళ్ళు ఎద్దులు గూడా మూతిపెట్టవు."

"నువ్వు నోరు మూసుకో. నీ చేతులే గదరా నా కొంప ముంచింది." మళ్ళీ నా వైపు తిరిగాడు. "చూడప్పా. ఆ అవ్వ జీపుకు పొయ్యమనే నీళ్ళిచ్చింది, విలేఖరి పొరపాటుగా అర్థం చేసుకున్యాడు అని రెండు వరసలు రాయి. అయిపోయె."

"ఆయమ్మ తాగమనే ఇచ్చింది గదన్నా."

"కాదని ఆయమ్మే వేలిముద్ర వేస్తాది. నువ్వు రాయకుంటే ఒకటి చెప్తా, ఇను. ఆ ఊరికి బాయి లేదు. నేను గెలిచినా లేదు. రాసుకో, ఇది గూడా రాసుకో!"

ఆ మాట నేను రాయలేదు. ఎందుకు రాయలేదో ఇప్పటికీ చెప్పలేను. బహుశా ఆయన రాసుకోమన్నందుకేమో.

వారం తిరక్కముందే మద్రాసు నుంచి ఉత్తరం. అభ్యర్థి వకీలు పత్రికకు నోటీసు ఇచ్చాడట, వేలిముద్ర కాగితం నకలుతో సహా. వార్త నిజమైతే సాక్ష్యం పంపు, కాకపోతే సవరణ పంపు, రెండూ పంపలేకపోతే ఇంకేమీ పంపనవసరం లేదు అని మర్యాదగా రాశారు.

రైలెక్కి కోసిగిలో దిగి, ఆ ఊరికి నడిచి పోయాను. ఊరి మొదట్లో నేలమీద సున్నంతో పెద్ద గుండ్రం గీసి ఉంది. అవ్వ దాని పక్కనే ఒక రాతిగుండు మీద కూర్చుని, మేకలు గీతను తొక్కకుండా కట్టెతో అదిలిస్తోంది. నన్ను గుర్తుపట్టింది.

"జీపులో వస్తివి గదా నాయనా ఆ పొద్దు. ఈ పొద్దు నడిచి వస్తాండావే?"

"జీపు దించేసిందవ్వా. ఈ గీత ఏంది?"

"బాయి నాయనా. ఆయప్ప మనుషులు వచ్చి గీసిపోయిరి. ఈడ జల ఉండాదంట. మూడు మట్లు, ముగ్గురు మనుషుల లోతులోనే నీళ్ళంట." నీళ్ళంట అన్నప్పుడు ఆమె గొంతు తగ్గించింది, గుండ్రానికి వినపడుతుందేమో అన్నట్టు.

"అవ్వా, నిజం చెప్పు. ఆ నీళ్ళు జీపుకు పొయ్యమని ఇచ్చినావా?"

"జీపుకు నీళ్ళు ఎవరిస్తారు నాయనా? తాగనీకి ఇచ్చినా."

"మరి కాగితం మీద వేలిముద్ర ఎందుకు వేస్తివి?"

ఆమె కట్టెతో గుండ్రం చూపించింది. చదువుకున్నవాడికి ఇంతకంటే విడమరిచి చెప్పాలా అన్నట్టు చూసింది.

"నువ్వు గూడా అట్లే రాయి నాయనా. అవ్వ జీపుకే ఇచ్చిందని రాయి. నా ఇంట్లోనించి ఏం పోతాది?"

"అబద్ధం గదవ్వా."

"అబద్ధమే. అయితే?"

అప్పుడు నేను ఆమెకు రాజ్యాంగం చెప్పాను. బి.ఏ.లో నాది ఆ సబ్జెక్టే. బావి తవ్వించేది సర్కారనీ, ఆయన గెలిచినా తన ఇంటి సొమ్ముతో తవ్వించడనీ, ఒక మనిషికి కోపమొచ్చిందని ఒక ఊరికి నీళ్ళు ఆపడం చట్టంలో కుదరదనీ చెప్పాను. ఆమె ఓపికగా విన్నది. మధ్యలో రెండు మేకలను అదిలించింది.

"సర్కారంటే ఎవురో నేను చూడలేదు నాయనా. ఈడికి వచ్చింది ఆయప్పే. గీత గీసింది ఆయప్ప మనుషులే."

ఎండకు నోరు ఎండిపోయింది. ఆమె ఇంట్లోకి పోయి చెంబు తెచ్చింది. అదే ఇత్తడి చెంబు. నేను ఎత్తిన చెంబు దించకుండా మొత్తం తాగాను. అందులో దాహం కొంత, నేను ఆయనలాంటివాడిని కాదని చూపించుకోవడం కొంత. రెండోది ఎక్కువని అనుకుంటాను. ఆమె చెంబు తీసుకుని లోపలికి చూసింది.

పోతుంటే వెనకనుంచి, "నే చెప్పింది రాయవు గద నాయనా?" అని అడిగింది. చేతిలో పుస్తకం లేదు, జేబులో పెన్సిలు పెట్టినచోటే ఉంది. "ఏం రాస్తాండానవ్వా, చూడు" అని రెండు చేతులూ చూపించాను. చేతులు నిజంగానే ఖాళీగా ఉన్నాయి. నా జ్ఞాపకశక్తి బాగుండేదని ఆమెకు తెలియదు.

కోసిగి స్టేషనులో రైలు ఆలస్యం. బెంచీ మీద కూర్చుని రాశాను. అవ్వ అన్నది అన్నట్టే రాశాను. తాగడానికే ఇచ్చిందని, బావి ఆశ పెట్టి వేలిముద్ర వేయించుకున్నారని. ఇదంతా ఆ ఊరి మేలు కోసమేనని రాసేటప్పుడు గట్టిగా నమ్మాను. పేపర్లో పడితే ఆయన వెనక్కి పోలేడు, లోకం చూస్తుంటుంది కాబట్టి బావి తవ్వించి తీరాలి అని లెక్క వేశాను. ఉద్యోగం నిలబడుతుందన్న లెక్క కూడా ఉంది. దాన్ని అడుగున పెట్టాను.

మూడో నాటికి అచ్చయింది. ఈసారి ఒక్క మాట కూడా కొట్టేయలేదు. సంపాదకులు మెచ్చుకుంటూ కార్డు రాశారు. అందులో మొదటిసారి నన్ను మీరు అన్నారు. అభ్యర్థి వకీలు నోటీసు సంగతి మళ్ళీ ఎత్తలేదు. తర్వాత ఒకరోజు బజారులో బామ్మర్ది జీపు ఆపి నన్ను పిలిచాడు. తిడతాడనుకున్నాను.

"ఏమప్పా, గెలిస్తివి పో" అన్నాడు. అంతే, జీపు కదిలించుకుని పోయాడు.

ఎన్నికలో గెలిచింది వాళ్ళ బావ. ఆ ఒక్క ఊరు తప్ప మిగతా ఊళ్ళన్నీ ఆయనకే వేశాయన్నారు. ఆ ఒక్క ఊరు కూడా ఆయనకే వేసిందని నాకు తర్వాత తెలిసింది. గెలిచాక ఆయన నాతో మాట్లాడలేదు. విలేఖరుల సమావేశాలకు పిలిచే పట్టీలో నా పేరు ఉండేది కాదు. పిలవకపోయినా పోయేవాణ్ణి. అందరికీ కాఫీ వచ్చేది, నా దగ్గర పళ్ళెం తిరిగి వెళ్ళిపోయేది. ఆ మాత్రం విరోధం ఆరోగ్యానికి మంచిదేనని సరిపెట్టుకున్నాను.

మరుసటి ఎండాకాలం రాజధాని హైదరాబాదుకు పోతుందన్న మాట గట్టిపడింది. గుడారాల వార్తల మీద అందరికీ విసుగు పుట్టి, పత్రిక నన్ను కరువు వార్తలు రాయమని పడమటికి పంపింది. కోసిగిలో దిగగానే కాళ్ళు ఆ ఊరి దారే పట్టాయి.

దారిలో పక్క ఊరు వచ్చింది. ఊరి మధ్య కొత్త బావి. రాతి కట్టడం, గిలక, తాడు, చుట్టూ ఆడవాళ్ళు. అడిగితే, గెలిచిన ఐదో నెలకే తవ్వించాడన్నారు. మాట తప్పని మనిషన్నారు. నాకూ ఒక చెంబు తోడిచ్చారు. నీళ్ళు బాగున్నాయి.

అవ్వ ఊరు చేరేసరికి పొద్దు తిరిగింది. సున్నం గుండ్రం ఆనవాలు లేదు. వేపచెట్టు కింద ఉన్న నలుగురు మగవాళ్ళు నన్ను చూసి, లేచి, తలా ఒక దిక్కుకు పోయారు. నీళ్ళు ఎవరూ తేలేదు. ఎవరైనా తెస్తారేమోనని కాసేపు నిలబడ్డాను, దాహం లేకపోయినా.

వంక దారిలో అవ్వ ఎదురైంది. నెత్తిన కడవ, చుట్టకుదురు కింద నుంచి కారిన నీళ్ళు చెంపల మీద. నన్ను చూసి ఆగింది గానీ కడవ దించలేదు. దించుతానని నేను చెయ్యి చాచితే ఒక అడుగు వెనక్కి వేసింది.

"పక్క ఊరి బాయికి పోవచ్చు గదవ్వా? దగ్గరే గదా."

"పోతే కడవ తోసేస్తాండారు. మీ అవ్వ పేపరుకు ఎక్కింది గదా, పేపరునే అడుక్కోపోండి అంటాండారు."

ఏదో ఒకటి అనాలి కాబట్టి, నాకు తెలిసిన ఒకే ఒక్క సహాయం చెప్పాను.

"ఈ అన్యాయం గురించి రాస్తానవ్వా. ఈసారి ఇంకా గట్టిగా రాస్తా. పెద్దగా వేస్తారు."

అవ్వ కడవ కింద నుంచి కళ్ళు మాత్రం పైకెత్తి నన్ను చూసింది.

"రాయప్పా. రాసినాంక ఆ పేపరు ఈడికి తెచ్చి నా కండ్లముందర పిండు. ఎన్ని చెంబులైతాదో చూస్తా."